జంటపొర మీద మిగిలిన చోటు

తలుపు తోసుకుని మరదలు లోపలికి వచ్చేసరికి పొరలక్క పనిలో ఉంది. తొట్టిలో నానిన పొరను పలక మీద పరిచి, మూల దగ్గర గోటితో విడదీసి, ఆ సందులోకి మెల్లగా ఊదుతోంది. ఊదేటప్పుడు ఇల్లు కాలిపోతున్నా తలెత్తకూడదు. ఊపిరి తెగిందంటే పొర చిరుగుతుంది. అందుకని ఆవిడ తలెత్తలేదు. కానీ వచ్చిందెవరో అడుగుల చప్పుడును బట్టే తెలిసింది. ఆశ్చర్యం వేసింది. తమ్ముడి పెళ్ళాం ఆ గడప తొక్కి చాలా కాలమైంది.

"వదినా," అంది మరదలు. ఆ పిలుపు విని కూడా చాలా కాలమైంది. "సొరంగం కూలిపోయింది. ఆయన లోపలే ఉన్నాడు."

పలక మీది పొర నిలువునా చిరిగింది.

జంటపొర తీసే ఇళ్ళు ఒకప్పుడు ఆ వీధి పొడుగునా ఉండేవి. ఇప్పుడు మిగిలింది పొరలక్క ఇల్లొక్కటే. ఏడాది పొడుగునా మంచు వీడని ఎత్తుల్లో జంటమాను అనే చెట్టు పెరుగుతుంది. దాని బెరడు కింద, ఉల్లిపొర కన్నా కాస్త మందంగా, పాలరంగులో ఒక పొర ఉంటుంది. దాన్ని గోరువెచ్చటి నీళ్ళలో నానబెట్టి ఊపిరితో రెండుగా విడదీస్తే జంట అవుతుంది. ఆ తర్వాత ఆ రెండింటినీ ఎంత దూరం తీసుకెళ్ళినా, మధ్యలో కొండలు అడ్డమున్నా, ఒకదాని మీద గోటితో గీసింది రెండోదాని మీద కూడా దద్దులా పైకి తేలుతుంది. సిరా అక్కర్లేదు, కలం అక్కర్లేదు. అలవాటైన వేలుకి దీపం కూడా అక్కర్లేదు, తడిమి చదువుకోవచ్చు. తంటా ఒక్కటే. తేలిన అక్షరం మళ్ళీ అణగదు. చెరపడం కుదరదు. రెండువైపులా రాసేది ఆ ఉన్న చోటులోనే రాసుకోవాలి. అది నిండిందంటే జంట పని అయిపోయినట్టే. తడి ఆరిపోయినా అంతే.

కొండకు అవతల ఉన్న నదిని ఊళ్ళోకి తేవాలని సొరంగం తవ్వుతున్నారు. లోపలికి వెళ్ళే ప్రతి జట్టూ ఒక పొర పట్టుకెళ్ళాలి, దాని జంట బయట షెడ్డులో ఉండాలి అన్నది పని మొదలైనప్పుడు పెట్టుకున్న నియమం. ఆ పొరలన్నీ పొరలక్క చేతిమీదుగా వెళ్ళినవే. తమ్ముడు వెళ్ళింది మాత్రం ఆవిడ చెయ్యి విదిలించుకుని.

వాణ్ణి అందరూ పిచ్చుక అంటారు. చిన్నప్పుడు పుల్లలా ఉండేవాడని పెట్టిన పేరు. ఇప్పుడు గుమ్మంలో నిలబడితే వెలుతురు ఆగిపోయేంత మనిషయినా పేరు మాత్రం మారలేదు. అమ్మా నాన్నా పోయాక పొరలక్కే పెంచింది, పొర విడదీయడమూ ఆవిడే నేర్పింది. వేళ్ళతో తడిమి చదవడం వాడికి ఇట్టే వచ్చేసింది గానీ ఊదడం రాలేదు. వాడి ఊపిరి గాలివానే. విడదీసినవాటిలో సగం చిరిగిపోయేవి. ఆవిడ తిట్టేది, వాడు నవ్వేవాడు. ఒకరోజు నవ్వలేదు. చొక్కా తగిలించుకుని వెళ్ళి సొరంగం మేస్త్రి దగ్గర పనికి కుదిరాడు. "మీరు తిట్టి తరిమితేనే కదా ఆయన ఆ బొరియలో దూరాడు" అని మరదలు ఒకసారి మొహం మీదే అనేసింది. అప్పటినుంచి మాటల్లేవు.

ఇప్పుడు ఇద్దరూ వానలో పరుగెత్తారు. ఒకరి చెయ్యి ఒకరు ఎప్పుడు పట్టుకున్నారో ఇద్దరికీ గుర్తు లేదు.

సొరంగం నోటి ముందు జనం మూగి ఉన్నారు. లోపలినుంచి బురద తట్టలు చేతులు మారుతూ బయటికొస్తున్నాయి. ఒక తట్ట తీస్తే పైనుంచి రెండు తట్టల మట్టి జారుతోంది. పక్కన రేకుల షెడ్డు. అందులో బల్ల మీద తడిగుడ్డ కప్పిన పొర, దాని ముందు కొలతలాయన. సొరంగం ఎటు పోవాలో ఎంత వంపు తిరగాలో కొలిచి చెప్పేది ఆయనే. పెద్ద మీసాలు, ఎప్పుడూ మడత నలగని చొక్కా. ఇప్పుడా చొక్కా మోచేతుల దాకా బురదగా ఉంది.

"మీకోసమే మనిషిని పంపుతున్నాను," అన్నాడు. "పొర అంచులు ఆరిపోతున్నాయి. ఏం చెయ్యాలో మాకు తెలీదు."

పొరలక్క గుడ్డ తీసి చూసింది. గుండె గుభేలుమంది. అంచులు ఆరినందుకు కాదు. సగానికి పైగా నిండిపోయి ఉంది. 'దీపాలకి నూనె పంపండి.' 'రెండు పారలు.' 'భోజనంలోకి ఏంటి?' 'మళ్ళీ అదేనా?' వాటి పక్కన అరచేయంత చోటు తినేస్తూ ఒక మీసాల బొమ్మ. ఎవరి మీసాలో అడగక్కర్లేదు, ఎవరు గీశారో కూడా. కొలతలాయన మొహం తిప్పుకున్నాడు.

అన్నిటికీ కింద, వంకరటింకరగా: 'కూలింది. ఐదుగురం ఉన్నాం. నీళ్ళు కారుతున్నాయి.'

తమ్ముడి రాతే. వాడు తలకట్టు ఎప్పుడూ సరిగా పెట్టడు. బతికున్నాడు.

ఆవిడ అంచుల మీద నీళ్ళు చిలకరించింది. మిగిలిన చోటు మీద అరచెయ్యి ఆనించి కొలుచుకుంది. రెండు అరచేతులంత. లోపలివాళ్ళు రాయాల్సిందీ ఇందులోనే, బయటివాళ్ళు చెప్పాల్సిందీ ఇందులోనే.

"ఇకనుంచి నాకు చెప్పకుండా దీని మీద ఎవరూ గోరు పెట్టకూడదు," అంది.

కొత్త జంట తీసినా లాభం లేదు, దాని సగం లోపలికి చేరే దారే లేదు. ఉన్నది ఇదొక్కటే.

ఆ మాట బయటికి పాకగానే లోపలున్నవాళ్ళ మనుషులంతా షెడ్డు గుమ్మంలోకి వచ్చేశారు. ఒకడి తండ్రి, కర్ర పట్టుకుని నడిచే ముసలాయన, అందరికన్నా ముందు నిలబడ్డాడు.

"ఒక్క మాటమ్మా. నాన్న ఇక్కడే ఉన్నాడని రాయి. వాడికి చీకటంటే భయం. ఇంత మనిషయినా భయమే."

"చోటు లేదు బాబాయ్."

"నాలుగు అక్షరాలు కాదూ?"

"నాలుగు అక్షరాలకి కూడా లేదు."

ముసలాయన తిట్టలేదు. అలాగే నిలబడి ఆవిడ చేతివంక చూశాడు. ఆయన వెనకవాళ్ళు తిట్టారు. తమ్ముడు లోపలున్నాడు కాబట్టి చోటంతా వాడికోసం దాచుకుంటోందన్నారు. పొరలక్క పొర మీద ఒంగి కూర్చుంది, కోడిపెట్ట గుడ్ల మీద కూర్చున్నట్టు.

అందరూ వెళ్ళాక మరదలు దగ్గరికొచ్చింది.

"వదినా, పొద్దున పోట్లాడుకున్నాం. ఏదో చిన్న విషయం. ఇక ఇంటికి రానక్కర్లేదు అన్నాను. సరే అని వెళ్ళిపోయాడు. ఒక్క అక్షరం. 'రా' అని. అంతే. నా గోరు కూడా చిన్నది."

పొరలక్క పెదవి కొరుక్కుంది. ఒక్క అక్షరమే. ఎంత చోటు పడుతుంది కనక? కానీ ముసలాయనకు లేదన్న నోటితో మరదలికి ఉందని ఎలా అంటుంది?

"వద్దు," అంది.

మరదలు ఇంకేమీ అడక్కుండా వెళ్ళి వానలో నిలబడింది. దానికి బదులు చెంప మీద ఒకటి కొట్టి ఉన్నా బాగుండేదనిపించింది పొరలక్కకు.

సొరంగం ముందునుంచి తవ్వడం కుదరదని మర్నాటికి తేలిపోయింది. పైకప్పు జారుతూనే ఉంది, తవ్వేవాళ్ళే కూరుకుపోయేలా ఉన్నారు. కొలతలాయన నేల మీద బొగ్గుతో బొమ్మ గీసి ఆలోచించాడు. "వాళ్ళు ఎక్కడున్నారో తెలిస్తే..." అన్నాడు. పొరలక్క వీలైనంత సన్నటి అక్షరాలతో 'ఎక్కడ?' అని రాసింది. చాలాసేపటికి అక్షరాలు ఒక్కొక్కటే తేలాయి. 'రెండో మలుపు. అరుగు దగ్గర. దీపం లేదు.'

అరుగు అంటే సొరంగం పక్క గోడలో, మనిషెత్తులో తొలిచిన చోటు. పనిముట్లు పెట్టుకుంటారు. కొలతలాయన మొహంలోకి కాస్త రంగు వచ్చింది. కొండ అవతలి వాలులో, సొరంగానికి గాలాడడానికని మొదలుపెట్టిన పాత గాలి బావి ఒకటి ఉంది. సగం తవ్వి వదిలేసింది. దాని అడుగు ఆ అరుగుకి దగ్గర్లోకి వస్తుంది. అందులోకి దిగి పక్కకి తవ్వితే మధ్యలో ఒక్క గోడ. తట్టలూ గునపాలూ తీసుకుని మగవాళ్ళంతా అవతలి వాలుకి పరుగెత్తారు.

మధ్యాహ్నం వేళ, షెడ్డులో పొరలక్క ఒక్కతే ఉన్నప్పుడు, పొర మీద మళ్ళీ కదలిక వచ్చింది.

'మేస్త్రి చెప్తున్నాడు. వాళ్ళావిడకి.'

ఆవిడకు అర్థం కాలేదు. అక్షరాలు ఆగలేదు.

'వెనక గోడ పగులు పూడుస్తానని ఏటా అన్నాను, పూడ్చలేదు. వాన లోపలికి కొట్టేలోపు ఎవరిచేతైనా మట్టి పెట్టించుకో.'

"ఒరేయ్," అంది పైకే. "ఒరేయ్, ఆపరా!"

ఎవరికి వినపడుతుంది? ఆపమని రాద్దామంటే ఆ రాతకీ చోటు కావాలి. చేతులు పిసుక్కుంటూ చూడడం తప్ప ఏం చెయ్యలేకపోయింది. ఒక్కో అక్షరం తేలుతుంటే తన ఒంటి మీద వాత పెడుతున్నట్టే ఉంది. 'మోకాలి నొప్పితో చల్లటి నేల మీద పడుకోకు.' ఒక వరుస పోయింది. 'తలుపు ఒకసారి తట్టి ఊరుకునేవాణ్ణి. రెండోసారి తట్టడానికి చేతులు పడిపోయాయా అని తిట్టేదానివి.' ఇంకో వరుస. 'నువ్వు నడిచొచ్చే చప్పుడు వినడానికి ఆగేవాణ్ణి.'

అక్కడితో ఆగింది. మిగిలింది అడుగున బొటనవేలంత చోటు.

పొరలక్కకు కోపంతో ఏడుపొచ్చింది. వీడికి బుద్ధుందా? ఇంత పనికిమాలినవాడు ఎక్కడైనా ఉంటాడా? ఆ వెంటనే అర్థమైంది. వాడి పక్కన, చీకట్లో, ఒక మనిషి చచ్చిపోతున్నానని చెప్పి ఈ మాటలు రాయమని అడిగితే వాడు చోటు లేదనలేకపోయాడు. నిన్నటినుంచి తనైతే అందరికీ అనగలిగింది.

అంతలో కొలతలాయన తడిసి ముద్దయి వచ్చాడు. మొహంలో పొద్దుటి రంగు లేదు.

"గోడ దగ్గరికి చేరాం. కానీ బావి పక్కనే పాత కుంట ఉంది, వానకి నిండిపోయింది. దాని కట్ట కారుతోంది. గోడ పడగొట్టగానే ఆ నీళ్ళన్నీ లోపలికే పడతాయి. కింద ఉన్నవాళ్ళు మునిగిపోతారు. అరుగెక్కితే బతుకుతారు, నీళ్ళు కాసేపటికి రాళ్ళ సందుల్లోంచి దిగిపోతాయి. పడగొట్టకపోతే కట్ట దానంతటదే తెగుతుంది, ఇవాళో రేపో. అరుగెక్కమని చెప్పండి. ఎక్కామని మాట తీసుకోండి."

పొరలక్క పొరను ఆయనవైపు తిప్పింది. ఆయన చదివాడు. బల్ల అంచు పట్టుకుని కూర్చుండిపోయాడు.

"ఈ కాస్త చోటులో ఏం పడుతుంది?" అన్నాడు.

"ఒక దారి ఉంది," అంది ఆవిడ. అని, అనవలసింది కాదేమో అన్నట్టు ఆగింది. "పై ముఖాన్ని ఒలిచేస్తే కింద ఇంకో ముఖం ఉంటుంది. కొత్తది. పాత రోజుల్లో మా నాయనమ్మ వాళ్ళు ఒలిచేవాళ్ళు. కానీ రెండు సగాలూ ఒలవాలి. ఇక్కడ నేను ఒలిచి అక్కడ వాడు ఒలవకపోతే జంట చచ్చిపోతుంది. వాడు చింపేసినా అంతే."

"మీ తమ్ముడికి వచ్చా?"

"రాదు," అంది పొరలక్క. "ఎప్పుడూ రాలేదు."

బయట వాన జోరు పెరిగింది. "వేరే దారి నాకు తోచడం లేదు," అన్నాడు కొలతలాయన.

ఒలిచిన పై ముఖం నీళ్ళలో నురగలా కరిగిపోతుంది, దాని మీది రాతతో సహా. అంటే ఆ మాటలు ఇక ఉండవు. పొరలక్క మేస్త్రి భార్యను పిలిపించింది.

ఆవిడ ముసలిది కాదు గానీ మోకాళ్ళు పట్టేసి మెల్లగా నడుస్తుంది. చదువు రాదు. పొరలక్క ఆవిణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని, ఆవిడ చూపుడువేలు పట్టుకుని, తేలిన అక్షరాల మీద నడిపిస్తూ చదివి వినిపించింది. వెనక గోడ మాట రాగానే ఆవిడ నవ్వింది. తలుపు మాట దగ్గరికి వచ్చేసరికి వేలు ఆగిపోయింది.

"ఈ మనిషేనా ఇలా అన్నది?" అంది. తర్వాత గబుక్కున పొరను గుండెలకు హత్తుకుంది.

"పిన్నీ, అది నాకు కావాలి. దాన్ని ఒలవాలి."

"ఇవ్వను."

"మిగతా నలుగురూ..."

"ఇవ్వనన్నానా! ముప్పై ఏళ్ళలో ఆ నోట్లోంచి ఊడిపడ్డ మాటలు ఇవే. ఇంకెక్కణ్ణుంచి తెచ్చుకోను?"

లాక్కుంటే చిరుగుతుంది. పొరలక్క లాక్కోలేదు. ఆవిడ కాళ్ళ దగ్గర నేల మీద కూర్చుంది. బతిమాలడానికి మాటలు వెతుక్కుంది, దొరకలేదు. నిజమే చెప్పింది. "పిన్నీ, నాకు భయంగా ఉంది. ఇది ఒలిచాక పని చేస్తుందో చెయ్యదో కూడా తెలీదు. నీ మాటలూ పోవచ్చు, వాళ్ళూ పోవచ్చు."

మేస్త్రి భార్య ఆవిడ మొహంలోకి చూసింది. "ఇంకోసారి చదువు," అంది. పొరలక్క చదివింది. "ఇంకోసారి." మళ్ళీ చదివింది. ఈసారి ఆవిడ పెదవులు కూడా కదిలాయి. తర్వాత పొరను తనే బల్ల మీద పెట్టి గోడవైపు తిరిగి కూర్చుంది.

మిగిలిన చోటులో పొరలక్క 'ఎడమ మూల ఒలువు' అని రాసింది. చివరి అక్షరం అంచు దాకా వచ్చేసింది. వాడు వేళ్ళతో చదువుకునేంత సేపు ఆగింది. ఇక ఆగలేక గోరు పెట్టి మూల లేపి, ఊదింది. రాతలు, మీసాలు, వెనక గోడ, తలుపు చప్పుడు, అన్నీ ఒక ముద్దలా పైకి లేచి, పక్క గిన్నెలో నీళ్ళలో పడి కరిగిపోయాయి. కింద పాలలాంటి కొత్త ముఖం. దాని మీద ఏమీ లేదు.

చాలాసేపు ఏమీ లేదు.

మరదలు ఎప్పుడు లోపలికొచ్చిందో, బల్లకు అవతల నిలబడి ఉంది. చీకట్లో, తడి చేతులతో, ఉన్న కాస్త గాలిలో, గాలివానలాంటి ఊపిరిని బిగబట్టి తమ్ముడు ఊదుతూ ఉండాలి. లేదా ఎప్పుడో చిరిగిపోయి, ముక్కలు పట్టుకుని కూర్చుని ఉండాలి. మెల్లగా, ఒరేయ్, మెల్లగా, అని పొరలక్క పెదవులు వాటంతటవే కదులుతున్నాయి. తిట్టేటప్పుడూ ఇవే మాటలు.

అప్పుడు పొర ఎడమవైపు ఒక గీత తేలింది. అక్షరం కాదు. పైనుంచి కిందికి వంకరగా వచ్చి, తిరిగి మూలకి చేరింది.

"ఏంటది?" అంది మరదలు.

పొరలక్క ఆ గీత వెంట వేలు నడిపింది. "వాడి దగ్గర మిగిలిన ముక్క," అంది. "చిరిగింది. ఇంతే మిగిలింది. దాని అంచు గీసి చూపిస్తున్నాడు."

మూడు వేళ్ళ వెడల్పు. అయినా ప్రాణం ఉంది దానికి. ఆవిడ ఆ గీత లోపల రాసింది: 'అరుగెక్కండి. గోడ కొడతాం. నీళ్ళొస్తాయి.'

జవాబు తొందరగానే వచ్చింది.

'మేస్త్రి కాలు బండ కింద.'

ఆ మాట పైకి చదవకుండా ఉండొచ్చు. మేస్త్రి భార్యకు చదువు రాదు. కొలతలాయన పొరలక్క కళ్ళలోకి చూశాడు, ఆయన కూడా అదే ఆలోచిస్తున్నాడు. కానీ ఆ మౌనమే చెప్పేసింది. గోడవైపు తిరిగి కూర్చున్నావిడ ఇటు తిరిగింది.

"ఏం రాశాడు?"

పొరలక్క చదివింది. ఇంకా ఏదో తేలుతోంది. అదీ చదివింది. "మేస్త్రి కొట్టమంటున్నాడు."

"ఆయన అంటాడు!" ఆవిడ లేచింది. మోకాళ్ళు సహకరించక బల్ల పట్టుకుని లేచింది. "ఆయనకేం, అంటాడు! మంచివాడు కదూ, అందరికన్నా మంచివాడు! నా సంగతి ఎవరూ అడగరేం? వాళ్ళ దగ్గర గొడ్డళ్ళు లేవూ? కాలు నరకమను! కాలు లేకపోతే నేను మోస్తాను, కూర్చోబెట్టి తిండి పెడతాను. నరకమను!"

షెడ్డులో ఉన్నవాళ్ళంతా ఒక అడుగు వెనక్కి వేశారు.

"అమ్మా," అన్నాడు కొలతలాయన, "అలా నరికితే రక్తం పోయి..."

"నరక్కపోతే ఎలాగూ పోతాడుగా!"

అవతలి వాలునుంచి ఒకడు పరుగెత్తుకొచ్చాడు. కట్ట ఇంకో చోట కూడా కారుతోందట, ఇక ఆగడం కష్టమట.

గీత లోపల మిగిలింది ఒక్క మాటకు చోటు. 'కాలు' అని కూడా రాయడానికి లేదు. నరకబోయేది మేస్త్రి కాదు, లోపల మిగతావాళ్ళలో గుండె గట్టిగా ఉన్నవాళ్ళెవరో కూడా కాదు. చదివేవాడు తమ్ముడు. వేళ్ళతో చదివి, ఆ మాట తన చేతుల్లోకి తీసుకునేదీ వాడే. పొరలక్కకు ఆ సంగతి తెలుసు. చీమను చూసి పక్కకు తప్పుకునే మనిషి వాడు.

'నరుకు' అని రాసింది.

ఆ తర్వాత గడిచిన కాలం ఎంతో ఆ షెడ్డులో ఉన్నవాళ్ళెవరూ సరిగా చెప్పలేరు. కొండలోపలినుంచి చప్పుడేమీ రాదు. అయినా మేస్త్రి భార్య రెండు చెవులూ మూసుకుని కూర్చుంది. మరదలు వెళ్ళి ఆవిణ్ణి పట్టుకుంది. పొరలక్క పొరను తడుపుతూనే ఉంది, తడపాల్సిన అవసరం లేకపోయినా. కొలతలాయన గుమ్మంలో నిలబడి ఒకసారి కొండవైపు, ఒకసారి బల్లవైపు చూస్తున్నాడు. "ఇక ఆగలేను," అన్నాడు ఒకసారి. మళ్ళీ ఆగాడు. "ఇక నిజంగానే ఆగలేను."

గీత లోపల, మూలలో, ఒక్క అక్షరం తేలింది.

'ఊ.'

ఆయన పరుగెత్తాడు.

గోడ పడింది. నీళ్ళు ఏనుగు గుంపులా లోపలికి దూరాయి. అవతలి వాలు మీద, వానలో, తాళ్ళు పట్టుకుని, నీళ్ళు దిగేదాకా నిలబడ్డారు. మొదట పైకొచ్చింది ముసలాయన కొడుకు. తండ్రి వాడి మొహాన్ని రెండు చేతులతో తడిమి తడిమి చూసుకున్నాడు. తర్వాత ఇద్దరు. ఆ తర్వాత తాడుకి కట్టిన మూట ఒకటి వచ్చింది. అది మేస్త్రి. మోకాలి కింద తోలు పట్టీతో బిగించి కట్టి ఉంది, దాని కింద ఏమీ లేదు. మొహం బూడిదలా ఉంది. వైద్యుడు మెడ దగ్గర వేలు పెట్టి చూసి, "ఉన్నాడు, త్వరగా పట్టండి," అన్నాడు. భార్య ఆ మోకాళ్ళతోనే ఆయన్ని మోసుకెళ్ళే మంచం వెంట పరుగెత్తింది.

ఆఖరున పిచ్చుక వచ్చాడు. వాడి చొక్కా నిండా ఉన్నది బురద ఒక్కటే కాదు. మరదలు ఎదురెళ్ళి వాడి గుండెల మీద పిడికిళ్ళతో గుద్దింది, గుద్దుతూనే ఏడ్చింది. వాడు అక్కవైపు చూశాడు గానీ చూసినట్టు లేదు.

మేస్త్రి చాలాకాలం చావుకీ బతుక్కీ మధ్య ఊగాడు. జ్వరాలొచ్చాయి, పుండు చీము పట్టింది, ఇంకా పైకి కోయాలేమో అన్నారు. చివరికి బతికాడు. కాస్త కూర్చునే ఓపిక రాగానే భార్య తలుపు మాట ఎత్తింది. "నేనా? నేనన్లేదు," అన్నాడట. "ఆ పిచ్చుకగాడు కల్పించి ఉంటాడు." ఆవిడ దానికీ తిట్టింది. ఈ సంగతి మరదలు చెప్పుకొచ్చి నవ్వింది. ఇప్పుడు రోజూ వస్తోంది వదిన ఇంటికి, మొగుణ్ణి వెంటబెట్టుకుని. ఇంట్లో ఒక్కణ్ణి వదలడానికి భయం.

పిచ్చుక మాత్రం నవ్వలేదు. మాట్లాడడం లేదు. పెడితే తింటాడు, చెప్తే పడుకుంటాడు. చేతులు ఒళ్ళో పెట్టుకుని, అవి వేరే ఎవరివో అన్నట్టు చూసుకుంటూ కూర్చుంటాడు. కట్టెలు కొట్టే చప్పుడు వినబడితే లేచి పెరట్లోకి వెళ్ళి కక్కుకుంటాడు. మేస్త్రి రెండుసార్లు కబురు పెట్టాడు, వాణ్ణి చూడాలని ఉందని. వెళ్ళలేదు.

ఒక పొద్దున్న పొరలక్క తొట్టి ముందు కూర్చుని ఉంది. మరదలు కూరగాయలకి వెళ్ళింది. వాడు గుమ్మంలో నిలబడ్డాడు, ఎప్పట్లాగే వెలుతురు ఆగిపోయింది.

"అక్కా."

ఆవిడ ఊదడం ఆపింది. పొర చిరిగింది, చూసుకోలేదు.

"ఆ ఆఖరి మాట ఏం రాశావు?"

"ఎందుకురా ఇప్పుడు?"

"చెప్పు. నా వేళ్ళు తిమ్మిరెక్కి ఉన్నాయి. చలికి సరిగా తెలియలేదు. రెండుసార్లు తడిమాను. మొదటిసారి 'నరుకు' అనిపించింది. రెండోసారి 'ఉరుకు' అనిపించింది." వాడు తన వేళ్ళవైపు చూసుకున్నాడు. "అరుగు మీదికి ఉరకమన్నావేమో. ఆయన్ని వదిలేసి ఉరకమన్నావేమో. నేనే తప్పు చదివి, ఒక మనిషి కాలు, ఆయన వద్దు వద్దంటుంటే... మూడు దెబ్బలక్కా. ఒక్క దెబ్బకి తెగలేదు."

పొరలక్క లేచింది. ఇన్నాళ్ళూ వాడు మోస్తున్నది ఇదా? నెత్తురు కాదు, అరుపులు కాదు, ఒక్క అక్షరమా? తడి చేతులు తుడుచుకోకుండానే వెళ్ళి వాడి మొహం పట్టుకుని తనవైపు తిప్పుకుంది.

"నరుకు అనే రాశాను. నువ్వు సరిగ్గానే చదివావు."

"నిజంగా?"

"నిజంగా. నేనే రాశాను, నా చేత్తో. చదివేది నువ్వేనని తెలిసే రాశాను."

వాడు ఆవిడ కళ్ళలో ఏదో వెతికాడు. అబద్ధం ఆడుతోందా అని కాబోలు. చిన్నప్పుడు ఆవిడ తిట్లకి భయపడి అలాగే చూసేవాడు. తర్వాత గుమ్మం మీద కూలబడి, పసివాడిలా నోరు తెరిచి ఏడవడం మొదలుపెట్టాడు. ఆవిడ పక్కన కూర్చుంది. ఊరుకోమనలేదు. సందు చివర బుట్ట పట్టుకుని వస్తున్న మరదలు ఆ ఏడుపు విని బుట్ట కింద పడేసి పరుగెత్తుకొచ్చింది.

"ఏమైంది? ఏమైంది వదినా?"

"ఏం కాలేదు," అంది పొరలక్క. "మాట్లాడాడు."

ఆ వారంలోనే మేస్త్రి ఇంటికి ముగ్గురూ కలిసి వెళ్ళారు.